రెండు గంటల గొంతు

పెళ్లయి మూడు నెలలు దాటినా మహేశ్వరికి ప్రతి పనీ కొత్తగానే ఉంది. పొద్దున్నే ఆర్మూర్ పక్కనున్న పెర్కిట్‌లో ఇంటికి తాళం వేసి, కెమెరా స్టాండును ఒళ్లో అడ్డంగా పెట్టుకుని ప్రేమ్‌చంద్ బండి వెనక కూర్చోవడం కొత్త. బండి గుంతలో పడ్డప్పుడల్లా ఆ స్టాండు అతని వీపులో గుచ్చుకోవడం, అతను వెనక్కి తిరగకుండానే "పొడువకే తల్లీ" అనడం కొత్త. ఆమె పోచంపాడ్‌లో, ఇరిగేషన్ క్వార్టర్లలో పెరిగిన పిల్ల. అక్కడి గాలికి నీళ్ల వాసన, చేపల వాసన. ఆర్మూర్‌లో మార్చి వచ్చిందంటే గాలే పచ్చగా ఉంటుంది. ఉడకబెట్టి ఎండబోసిన పసుపు కొమ్ముల దుమ్ము కిటికీ చువ్వల మీద, దండెం మీది బట్టల మీద, చివరికి కెమెరా సంచి జిప్పులో కూడా. ఆమె ఆ దుమ్మును వేలితో తీసి ప్రేమ్‌చంద్ చెంపకు రాసి, ఇంకోసారి పెళ్లికొడుకును చేశానని నవ్వేది.

ప్రేమ్‌చంద్‌ది పెళ్లి వీడియోల స్టూడియో. తొమ్మిదేళ్లుగా చుట్టుపక్కల పెళ్లిళ్లన్నీ అతని కెమెరాలోంచే వెళ్లాయి. ఈ ఏడు ఒక కొత్త పని దొరికింది. హైదరాబాద్‌లో ఒక విద్యాసంస్థ వాళ్లు, జిల్లాల్లో ఉండే కళాకారుల చేత వాళ్ల పని గురించి మాట్లాడించి, ఆ వీడియోలను ఆర్ట్ కాలేజీల పిల్లలకు పాఠాలుగా చూపిస్తున్నారు. ఈ వైపు వాళ్లను చిత్రీకరించే పని ప్రేమ్‌చంద్‌కు వచ్చింది. డిగ్రీలో చరిత్ర చదివిన మహేశ్వరి తనూ వస్తానంది. పెళ్లిళ్లలో అయితే అక్షింతలు పడే క్షణం కోసం కళ్లలో ఒత్తులు వేసుకుని చూడాలి. ఇక్కడ ఒక మనిషి కూర్చుని తన మనసులో ఉన్నది చెబుతుంటే వినడమే పని. వినడం కూడా ఒక ఉద్యోగమేనా అని ఆమెకు అబ్బురంగా ఉండేది.

మొదటి రెండు పాఠాలూ సాఫీగా అయిపోయాయి. మూడోది బుచ్చన్నది.

బుచ్చన్నకు అరవై రెండేళ్లు. ఒకప్పుడు బోర్డులు రాసే పెయింటరు. ఆర్మూర్ దుకాణాల మీద సగం పేర్లు అతని చేతివే. అయినా అతనికి చదువు రాదు. బడికి పోయింది ఒక్క ఏడాది. ఎవరైనా కాగితం మీద రాసిస్తే, దాన్ని ఒక బొమ్మలా చూసి, ముత్యాల్లాంటి అక్షరాలను గోడంత ఎత్తున గీసేవాడు. గీసింది తను చదవలేడు. ఫ్లెక్సీలు వచ్చి ఆ పని పోయాక, దుబాయ్ వెళ్లి పదకొండేళ్లు రోడ్ల మీద తెల్లగీతలు వేశాడు. తిరిగి వచ్చాక ఎవరూ చేయని పని ఒకటి మొదలుపెట్టాడు.

గల్ఫ్‌లో చనిపోయినవాళ్ల పెట్టెలు ఊళ్లకు వస్తాయి. శవంతో పాటు ఒక సంచి వస్తుంది. అందులో దువ్వెన, చెంచా, పగిలిన ఫోను, చెప్పుల జత. బుచ్చన్న ఆ ఇళ్లకు వెళ్లి కూర్చుని, ఆ వస్తువులను కొన్నాళ్లు ఉంచుకుంటానని అడిగి తెచ్చుకునేవాడు. తెల్ల గుడ్డను పసుపు నీళ్లలో ముంచి, నీడలో ఆరబెట్టి, దాని మీద వాటిని పేర్చి డాబా మీద ఎండకు పెట్టేవాడు. పసుపు ఎండకు నిలవదు. ఎండ తగిలిన చోటల్లా గుడ్డ వెలిసిపోయేది. వస్తువులు తీసేస్తే, వాటి కింద ఎండ సోకని చోట మాత్రం పచ్చటి దువ్వెన, పచ్చటి చెంచా మిగిలేవి. అలాంటివి పందొమ్మిది గుడ్డలు. హైదరాబాద్‌లోనూ ఢిల్లీలోనూ ప్రదర్శనల్లో వేలాడాయి. వేలాడిన కొద్దీ ఆ మిగిలిన పసుపూ కొంచెం కొంచెం తగ్గుతూనే ఉంది.

ఏ గుడ్డ మీద ఎవరి వస్తువులున్నాయో ఎక్కడా రాసి లేదు. అంతా బుచ్చన్న నోట్లోనే ఉంది. ఎవరైనా రాసి పెడతామంటే, "కాయితం మీద పేరు గనవడ్డదంటె ఇగ బొమ్మ దిక్కు జూడరు" అని ఒప్పుకునేవాడు కాదు. ఇప్పుడు ఆ గొంతులోనే పుండు లేచింది. మంగళవారం హైదరాబాద్ దవాఖానలో ఆపరేషన్. గొంతుపెట్టె మొత్తం తీసేస్తామని డాక్టర్లు చెప్పేశారు. అందుకే బుచ్చన్న తనే కబురు పెట్టాడు: శనివారం రండి, పందొమ్మిదింటి గురించీ చెబుతాను, పిల్లలు నా నోటితోనే వినాలి.

ఆ శనివారం కోసం అతను నాలుగు రోజులు నోరు కట్టేసుకున్నాడు. ఉన్న కాస్త గొంతూ వృథా కాకూడదని, ఇంట్లో ఏది కావాలన్నా పలక మీద బొమ్మ గీసి చూపించాడు. చాయ్ కావాలంటే కప్పు. దుప్పటి కావాలంటే ముడుచుకుని పడుకున్న మనిషి.

ప్రేమ్‌చంద్, మహేశ్వరి వెళ్లేసరికి బుచ్చన్న ఇస్త్రీ చొక్కా వేసుకుని, వెనక గోడకు నాలుగు గుడ్డలు తగిలించి, మిగతావి మడిచి పక్కన పెట్టుకుని సిద్ధంగా ఉన్నాడు. అతని భార్య నీలవ్వ గడప దగ్గర చేట ఒళ్లో పెట్టుకుని బీడీలు చుడుతోంది. తునికాకును కత్తెరతో ముక్కలు చేస్తుంటే కరకరమని ఒకటే చప్పుడు. ప్రేమ్‌చంద్ చెవి ఒగ్గి విని తల గోక్కున్నాడు.

"చిన్నమ్మా, జర గా కత్తెర ఆపుతవా? సప్పుడు మైకుల పడుతది."

"ఆపితె ఎట్ల కొడుకా? ఆకు తడి ఆరిపోతది."

"రెండు గంటలే చిన్నమ్మా."

"నా ఇంట్ల నేను సప్పుడు జేసుడు సుత తప్పేనా?" అంటూనే ఆమె చేట ఎత్తుకుంది. "సరే తియ్, సత్తవ్వ ఇంటికి పోత. ఈన ముచ్చట నాకేనాడు సమజయింది గనుక! సచ్చినోళ్ల సామాన్లు ఇంట్లకు తెస్తడని నేను డాబా మెట్టే ఎక్కలే."

బుచ్చన్న పలక అందుకుని గబగబా ఏదో గీసి ఆమెకు చూపించాడు. కాళ్లొచ్చిన బీడీల చేట ఒకటి తలుపు దాటి నడిచిపోతోంది. నీలవ్వ పళ్లు కనిపించేలా నవ్వి, "సిగ్గు లేదు ఈ మనిషికి" అని పలక మీద ఒక్క చరుపు చరిచి వెళ్లిపోయింది.

మహేశ్వరి తన మట్టిగాజులు గలగలమంటాయని మోచేతిదాకా ఎక్కించి జేబురుమాలుతో కట్టేసుకుంది. బుచ్చన్న కాలరుకు మైకు తగిలించి, తన మెడలో చిన్న రికార్డరు, చెవులకు హెడ్‌ఫోన్లు పెట్టుకుంది. రెండు చేతులతో రిఫ్లెక్టరు పట్టుకుంది. గుండ్రటి తెల్లటి తెర అది, కిటికీ వెలుగును పట్టి బుచ్చన్న ముఖం మీదికి వంచేది. రికార్డరు ఈ పని కోసమే కొత్తగా కొన్నారు. మొదటి రెండు పాఠాలకు హైదరాబాద్ వాళ్లు పంపిన సౌండ్ మనిషి ఈసారి రాలేదు. "గీ ఎర్ర బటన్ ఒత్తుడే, ఇంకేం లేదు" అని ప్రేమ్‌చంద్ చెప్పాడు. ఆమె ఒత్తింది. ఎర్ర లైటు మిణుకుమిణుకుమంది. పెద్ద కెమెరా మీద లైటు కూడా నడుస్తున్నప్పుడు అలాగే మిణుకుమంటుంది కాబట్టి ఆమె తల ఊపింది.

"నా పేరు బుచ్చన్న. నేను గీతలు గీసెటోన్ని," అని మొదలుపెట్టాడు.

గొంతు గరుకుగా, లోపల ఇసుక పోసినట్టు ఉంది. హెడ్‌ఫోన్లలో మాత్రం అది ఆమె చెవికి ఆనుకుని మాట్లాడినట్టే వచ్చింది. మాటకూ మాటకూ మధ్య అతను ఊపిరి ఎగబీల్చడం, నాలుక తడి చేసుకోవడం, అన్నీ. ఒక తల్లి తన కొడుకు దువ్వెనలో ఇరుక్కున్న వెంట్రుకను తీయనివ్వలేదట. "గట్లనే ఎండల పెట్టిన బిడ్డలారా. గా ఎంటిక సుత పడ్డది గుడ్డ మీద. దగ్గరికొచ్చి జూస్తెనే గనవడుతది." ఇంకొకతను చెంచా కాడతో రంగు డబ్బాల మూతలు తీసేవాడట, అందుకే అది వంకర. ఒక్కో గుడ్డ దగ్గర అతను ఊరి పేరు, ఇంటి పేరు, ఆ మనిషిని ఇంట్లో ముద్దుగా పిలిచే పేరు చెప్పాడు. ఆ వస్తువులు అడగడానికి వెళ్లినప్పుడు వాళ్లు ముందు ఏమన్నారో, తర్వాత ఏమన్నారో చెప్పాడు. ఒకావిడ అతని మీదికి కుక్కను వదిలిందట. మర్నాడు ఆవిడే నడిచి వచ్చి చెప్పుల జత గడపలో పెట్టి పోయిందట.

మొత్తం రెండు గంటలకు ఎనిమిది నిమిషాలు తక్కువగా మాట్లాడాడు. చివరికి వచ్చేసరికి గొంతు సన్నగిల్లి గాలిగా మారింది. పందొమ్మిదోది చెప్పి ఆగి, చేతులు రెండూ ఛాతీ మీద పెట్టుకుని కళ్లు మూసుకున్నాడు. బరువు దించిన హమాలీలా ఉన్నాడు. కాసేపటికి పలక తీసుకుని మూడు చాయ్ కప్పులు గీశాడు.

ఇంటికి వచ్చేదారిలో మహేశ్వరి బండి ఆపించి బస్టాండు దగ్గర మిరపకాయ బజ్జీలు తినిపించింది. తింటున్నంతసేపూ ఆ చెంచా సంగతే చెప్పింది.

"నేను ఫోకస్ దిక్కే జూస్తున్న," అన్నాడు ప్రేమ్‌చంద్ వేలు నాకుతూ. "ఏం చెప్పిండో సగం ఇనలే. ఎడిటింగుల ఇంట."

ఆదివారం మధ్యాహ్నం అతను స్టూడియోలో కంప్యూటరు ముందు కూర్చున్నాడు. ఆమె టిఫిన్ డబ్బా విప్పుతోంది.

"మహీ, రికార్డరుది ఇంకో కార్డు యాడుంది?"

"ఇంకో కార్డేంది? ఒక్కటే గద."

"దీంట్ల ఒక్క ఫైలే ఉన్నది." అతను దాన్ని నొక్కాడు. స్పీకర్లలోంచి శుక్రవారం నాటి అతని గొంతే వచ్చింది: "హలో హలో, ఒకటి రెండు మూడు, నా పెండ్లాం ఇంటున్నదా?" వెనక ఆమె నవ్వు. పదకొండు సెకన్లు. అంతే.

మహేశ్వరి చేతిలో డబ్బా మూత అలాగే ఉండిపోయింది.

అతను వెతికాడు. కార్డు తీసి తుడిచి మళ్లీ పెట్టాడు. చెరిగిపోయిన ఫైళ్లను వెనక్కి తెచ్చే సాఫ్ట్‌వేరు వేశాడు. ఏమీ రాలేదు. చివరికి ఫోనులో ఆ రికార్డరు గురించి ఎవరో చేసిన వీడియో పెట్టాడు. ఎర్ర బటన్‌ను ఒకసారి నొక్కితే లైటు మిణుకుతుంది, హెడ్‌ఫోన్లలో మాట వినిపిస్తుంది, కానీ అది సిద్ధంగా ఉన్నట్టే. రెండోసారి నొక్కితే లైటు నిలకడగా వెలిగి అప్పుడు రికార్డు మొదలవుతుంది. శుక్రవారం పరీక్షించినప్పుడు అతను పడుతోందో లేదోనని ఆ బటన్‌ను రెండు మూడుసార్లు నొక్కాడు. అందుకే ఆ పదకొండు సెకన్లు పడ్డాయి. ఆమె ఒక్కసారే నొక్కింది.

"కెమెరాల ఉంటది గద," అంది మహేశ్వరి. "కెమెరాలకు సుత మైకుంటది గద."

ప్రేమ్‌చంద్ రెండు కెమెరాల ఫైళ్లూ తెరిచి చూపించాడు. బుచ్చన్న పెదవులు కదులుతున్నాయి, చేతులు లేస్తున్నాయి, గుడ్డ మీద దువ్వెన పళ్లను వేలితో ఒక్కొక్కటే లెక్కపెడుతున్నాడు. కింద శబ్దం చూపించే గీత మాత్రం దారంలా చదునుగా ఉంది.

"ఎందుకు బందు పెట్టినవ్?"

"పెండ్లిల మాటలెవ్వలికి గావాలె మహీ?" అన్నాడు నేల చూస్తూ. "బ్యాండు సప్పుడుకు చెవులు పగులుతయ్. పాటలేసి ఇస్తె సాలు. తొమ్మిదేండ్ల సంది బందే ఉంటది. యాదికి రాలే."

"యాదికి రాలేనా?"

"మరి నువ్వు? చెవులకు పెట్టుకోని కూసున్నవ్ గద! ఇన్నవ్ గద!"

"ఇన్న. ప్రతి మాట ఇన్న. ఇనవడుతుందని..."  వినిపిస్తున్నంతసేపూ అంతా బాగానే ఉందనుకుంది. ఆ రెండు గంటలూ ఆ గొంతు ఆమె చెవుల్లోకి తప్ప ఇంకెక్కడికీ పోలేదు.

పెళ్లయ్యాక వాళ్లిద్దరూ ఒకరి ముఖం ఒకరు చూసుకోకుండా కూర్చోవడం అదే మొదటిసారి. తెచ్చిన అన్నం చల్లారిపోయింది. బయట రోడ్డు మీద పసుపు బస్తాల లారీ వెనక్కి తీస్తున్నారు. క్లీనరు లారీ డొక్కను తడుతూ రా రా అని కేకలేస్తున్నాడు.

"నిజామాబాద్‌ల ఒకాయన ఉన్నడు," అన్నాడు ప్రేమ్‌చంద్. "మస్తు గొంతు. నువ్వు రాసియ్యి, ఆయనతోటి చదివిపిద్దాం. పెదవులకు కలుపుత నేను."

"బుచ్చన్న కాకకు వేరే గొంతు పెడతవా?"

"ఏం జెయ్యాలె మరి?"

"పోయి చెప్దాం."

"పిచ్చా? ఎల్లుండి ఆపరేషన్. ఇప్పుడు చెప్పి ఆయన మనసు ఖరాబ్ జేసుడెందుకు? అయినంక చెప్దాం తియ్, నిమ్మళంగ."

"అయినంక ఏం ఫాయిదా? ఇయ్యాల చెప్తె జర్రంత గొంతన్న ఉన్నది. మల్ల చెప్తడో చెప్పడో ఆయన ఇష్టం. మనం దాస్తె గా మోక సుత పోతది."

అతను లేచి బండి తాళాలు తీసుకున్నాడు. ఆమె కెమెరా సంచి భుజాన వేసుకుంటుంటే, అది ఎప్పుడూ ఇంత బరువు లేదనిపించింది.

వాళ్లు వెళ్లేసరికి పొద్దు ఊరి గుట్ట రాళ్ల వెనక్కి వాలుతోంది. నీలవ్వ నేల మీద కూర్చుని దవాఖాన కాగితాలు, బట్టలు, ఒక స్టీలు గ్లాసు సంచిలో సర్దుతోంది. పొద్దున ఆరింటి బస్సు. బుచ్చన్న మంచం మీద గోడకు ఆనుకుని ఉన్నాడు. వాళ్లను చూడగానే ముఖం విచ్చుకుంది. వీడియో చూపించడానికి వచ్చారనుకున్నట్టున్నాడు. కుడిచేత్తో గాలిలో తెర గీసి, చూపించమన్నట్టు కళ్లెగరేశాడు.

ప్రేమ్‌చంద్ తలుపు దగ్గరే ఆగిపోయాడు. మహేశ్వరి మంచం పక్కన నేల మీద కూర్చుంది.

"కాకా, తప్పయింది. నిన్న నీ మాట ఒక్కటి సుత రికార్డు కాలే. బొమ్మ వచ్చింది, మాట రాలే. నేను బటన్ సక్కగ ఒత్తలే."

"నేను కెమెరాల సౌండు బందు పెట్టిన కాకా," అన్నాడు ప్రేమ్‌చంద్ తలుపు దగ్గర నుంచి.

ముందు బుచ్చన్నకు అర్థం కాలేదు. ఆమె మళ్లీ చెప్పింది. అతని చేయి పలక మీదికి పోయింది. పలకా బలపం పట్టుకుని అలాగే ఉన్నాడు. దీనికి ఏ బొమ్మ గీయాలో అతనికీ తోచినట్టు లేదు. మెల్లగా వాటిని పక్కన పెట్టేశాడు.

ముందు మాట్లాడింది నీలవ్వ.

"ఏందిర వయ్యా! నన్ను ఇంట్లకెళ్లి ఎల్లగొట్టి, రెండు గంటలు కూసోవెట్టి, ఏం పట్టుకున్నరు మరి? నాలుగు దినాల సంది నాతోని ఒక్క మాట మాట్లాడలే ఈ మనిషి. మీకోసమనే దాసుకున్నడు. నేనేమన్న అడిగిన్నా? అడగలే. నేను సుట్టిన బీడీలే తాగిండు, గొంతు గిట్ల జేసుకున్నడు, నేనే జేసిన అనుకోని నోరు మూసుకున్న."

 ఆమె చేతిలోని కాగితాలను కవర్లో పెట్టింది, తీసింది, మళ్లీ పెట్టింది.

ప్రేమ్‌చంద్ ఏదో ఒకటి అనాలనుకున్నాడు. "కాకా, నీ బొమ్మలు సుత ఎండకు ఎలిసిపోయేటియే గద. నువ్వే చెప్పినవ్, ఏది నిలవదు అని. ఇది సుత..."

బుచ్చన్న తల ఎత్తాడు. అంత కోపం ఆ ముఖంలో ఉంటుందని మహేశ్వరి అనుకోలేదు. నాలుగు రోజులు దాచి, రెండు గంటల్లో ఖర్చు చేసిన గొంతులో మిగిలిన మడ్డిలోంచి మాట వచ్చింది.

"ఎలిసిపోతయని ఎరుకయ్యే... మాట చెప్పిపెట్టిన." ఆగి ఊపిరి తీసుకున్నాడు. "గుడ్డ నేను ఎండల పెట్టిన. ఇది నేను పెట్టలే."

ప్రేమ్‌చంద్ కళ్లు దించుకున్నాడు.

 తర్వాత బుచ్చన్నే చేయి చాపి, కెమెరా సంచి వైపు వేలు చూపి, తన కాలరు తట్టుకున్నాడు. మహేశ్వరి గబగబా మైకు తీసి తగిలించింది.  అతని మెడ దగ్గర చర్మం వేడిగా ఉంది. ప్రేమ్‌చంద్ కెమెరా స్టాండు కూడా వేయలేదు. గడప మీద మోకాళ్ల మీద కూర్చుని చేత్తోనే పట్టుకున్నాడు. ఆమె బటన్ నొక్కింది, ఇంకోసారి నొక్కింది. లైటు నిలకడగా వెలిగింది. అంకెలు కదిలాయి. ఒకటి, రెండు, మూడు. తెర మీద అంకెలు కదలడం అంత అందంగా ఉంటుందని ఆమెకు నిన్నటిదాకా తెలియదు.

"నా పేరు బుచ్చన్న. నేను గీతలు..."

దగ్గు వచ్చింది. లోపల ఏదో చిరిగినట్టు దగ్గాడు. నీళ్లు తాగాడు. సగం నీళ్లు గడ్డం మీద నుంచి కారాయి. మళ్లీ నోరు తెరిచాడు. పెదవులు ఆడాయి కానీ గాలే వచ్చింది. ఆగాడు.

నీలవ్వ అటు తిరిగి సంచి మూతి ముడి వేస్తోంది. ఆ ముడి ఎప్పుడో పడింది. అయినా విప్పి మళ్లీ వేస్తోంది. బుచ్చన్న ఆ వీపు వైపు చూశాడు. ఎంతసేపు చూశాడో, మహేశ్వరి అంకెలు చూడటం మానేసింది. తర్వాత అతను కాలరు దగ్గర తడుముకుని, మైకు తనే విప్పి, ఆమె అరచేతిలో పెట్టి వేళ్లు మూశాడు.

"సాలు బిడ్డా. గింతే ఉన్నది." నీలవ్వ వైపు గడ్డం చూపాడు. "ఇది దీనికి."

మహేశ్వరి బతిమాలాలనుకుంది. ఒక్క దువ్వెన గురించైనా, ఒక్క ఊరి పేరైనా. పందొమ్మిది ఇళ్లు నాలుక చివరిదాకా వచ్చాయి. కానీ ఆ ముఖం చూశాక అడగలేకపోయింది.

నీలవ్వ వెనక్కి తిరగకుండానే అంది. "నాకేం జెప్తవ్ ఇగ? నలభై ఏండ్ల సంది జెప్పనోనివి."

అలా అంటూనే చేతిలో సంచి వదిలి, కొంగుతో ముక్కు తుడుచుకుని, వచ్చి మంచం పట్టె మీద అతని మోకాలికి ఆనుకుని కూర్చుంది.

మహేశ్వరి, ప్రేమ్‌చంద్ వస్తువులు సర్దుకుని బయటకు వచ్చి తలుపు దగ్గరగా వేశారు. లోపల గొంతు మొదలైంది. ఎండుటాకు మీద ఎవరో నడుస్తున్నట్టుంది. ఒక్క అడుగు వెనక్కి వేస్తే మాటలు వినిపిస్తాయేమో. మహేశ్వరి వెయ్యలేదు. చెప్పులు చేత్తో పట్టుకుని, చప్పుడు కాకుండా వాకిలి దాటి, బండి దగ్గరికి వెళ్లాక వేసుకుంది. ప్రేమ్‌చంద్ కూడా వీధి మలుపు దాకా బండి స్టార్ట్ చేయకుండా నడిపించుకుంటూ వచ్చాడు.

సోమవారం పొద్దున ఆమే హైదరాబాద్ విద్యాసంస్థకు ఫోను చేసి జరిగింది దాచకుండా చెప్పింది. అవతలి మనిషి అంతా విన్న తర్వాత వేరే గొంతు పెట్టొచ్చా అని అడిగాడు. వద్దంది. మాట లేకుండానే వీడియో పంపుతామని, ఆయన చెప్పింది తనకు గుర్తున్నంతవరకు కింద అక్షరాల్లో వేస్తామని, గుర్తు లేని చోట గుర్తు లేదనే రాస్తామని చెప్పింది. అవతలి మనిషి ఆలోచించి చెబుతామన్నాడు.

మంగళవారం మధ్యాహ్నం నీలవ్వ ఫోను చేసింది. ఆపరేషన్ అయింది. "పండుకున్నడు. మెడకు రంధ్రం పెట్టిండ్రు, గా దాంట్లకెళ్లే ఊపిరి తీస్తున్నడు" అంది.  ఆదివారం రాత్రి ఆమె ఏం విన్నదో మహేశ్వరి అడగలేదు.

ఆ రోజు నుంచి భార్యాభర్తలిద్దరూ ఆ మాట లేని వీడియో ముందు కూర్చుంటున్నారు. ఆమె చెబుతుంది, అతను టైపు చేస్తాడు. మొదటి అరగంట చకచకా వచ్చింది. వెంట్రుక ఉన్న దువ్వెన, వంకర చెంచా, కుక్కను వదిలిన ఆవిడ. తర్వాత ఊళ్లు కలగలిసిపోయాయి. ఈ ఫోను ఆ ఊరాయనదా, ఆ గడియారం ఆయనదా? ఆమె బుచ్చన్న పెదవులనే పట్టి పట్టి చూస్తుంది. ప్రేమ్‌చంద్ వెనక్కి తిప్పి నెమ్మదిగా వేస్తాడు. పెదవులు కలుస్తాయి, విడిపోతాయి. ఆ ఊరు మెండోరా కావచ్చు. ముప్కాల్ కావచ్చు.

"కాక వచ్చినంక అడుగుదాం," అన్నాడు ప్రేమ్‌చంద్. "అవునంటె తలకాయ ఊపుతడు గద."

"యాదికున్నయి అడిగితె ఊపుతడు. యాదికి లేనియి ఎట్ల అడగాలె?"

పదకొండు గుడ్డలయ్యాయి. పన్నెండోది లుంగీ, దాని మీద చిన్న తాళంచెవి. ఆ చోట బుచ్చన్న చెప్పడం ఆపి, కళ్లు చిలిపిగా చేసుకుని, కెమెరా పక్కకు, అంటే మహేశ్వరి నిలబడ్డ చోటికి చూస్తాడు. అప్పుడు అతని చెంప మీది వెలుగు గజగజ ఊగుతుంది. మూడు నాలుగు సెకన్లు ఊగి నిలబడుతుంది.

"గిదేంది? తెర ఊపినవా?" అన్నాడు ప్రేమ్‌చంద్.

"నవ్విన," అంది మహేశ్వరి. ఆ నవ్వు ఆమెకు బాగా గుర్తుంది. రెండు చేతుల్లో రిఫ్లెక్టరు ఉండి, పొట్ట పట్టుకోవడానికి వీల్లేక పెదవి కొరుక్కుని ఆపుకున్న నవ్వు.

"ఏమన్నడు?"

ఆమె కంప్యూటరు తెర వైపు చూసింది. అతను వెనక్కి తిప్పి మళ్లీ వేశాడు. బుచ్చన్న ఆగాడు, కళ్లు చిలిపిగా చేశాడు, పెదవులు కదిపాడు, ఆమె వైపు చూశాడు. చెంప మీద వెలుగు ఊగింది. ప్రేమ్‌చంద్ వేళ్లు కీబోర్డు మీద ఆగి ఉన్నాయి.

"ఇంకోసారి," అంది.

అతను మళ్లీ వేశాడు.